యాభై వేల అడుగుల గాంధీ

చెన్నైకి వెళ్లే తెలుగువాళ్లకు పనులు చాలానే ఉంటాయి. ఆసుపత్రి, పెళ్లి పట్టుచీరలు, అమెరికా వీసా, తిరుత్తణి మొక్కు. నేను ఈమధ్య వెళ్లింది మాత్రం ఒక సినిమా కోసం. అది ఆడుతున్న హాలు ఎక్కడా లేదు. 1940 ఆగస్టులో మద్రాసులో విడుదలైన గాంధీ డాక్యుమెంటరీ అది. మొదట తమిళ వ్యాఖ్యానంతో వచ్చింది, తర్వాత తెలుగులోనూ వచ్చింది. ఆ తెలుగు ప్రతి ఇవాళ దొరకడం లేదు. ఎవరో ఎక్కడో తీసిన ఉద్యమాల ఫిల్మునీ, లాఠీలూ జైళ్లూ ఉన్న ఫిల్మునీ పోగుచేసి, ఒక గదిలో కూర్చుని కథగా కూర్చిన సినిమా అది. అదే రకం పని ఇప్పటికీ ఆ ఊళ్లో సాగుతోంది, కంప్యూటర్ల మీద. ఆ పాత పని ఆనవాళ్లు, ఈ కొత్త పని తీరు ఒక్క ప్రయాణంలో చూడాలన్నది నా కోరిక.

విజయవాడలో పొద్దున్నే పినాకిని ఎక్స్‌ప్రెస్ ఎక్కాను. ఒంగోలు, నెల్లూరు, గూడూరు. సూళ్లూరుపేట నుంచి బండిలో తమిళం వినబడటం మొదలవుతుంది. ఎన్నూరు పొగగొట్టాలు కనబడితే ఊరొచ్చినట్టే.

సెంట్రల్‌లో దిగి మెట్రోలో హైకోర్టు స్టేషనుకు వెళ్లాను. మెట్లెక్కి పైకొస్తే ఎర్రటి హైకోర్టు గుమ్మటాలు, ఆ పక్కన పారీస్ కార్నర్, లాయర్ల నల్లకోట్లు, బ్యాగులూ బెల్టులూ అమ్మే బండ్లు. అక్కణ్ణించి లోపలికి సాగే బ్రాడ్వేకి ఇప్పుడు ప్రకాశం సాలై అని పేరు. 1928 ఫిబ్రవరి 3న సైమన్ కమిషన్ రాకకు నిరసనగా మద్రాసులో హర్తాళ్ జరిగినప్పుడు ఈ చుట్టుపక్కలే కాల్పులు జరిగాయి. టంగుటూరి ప్రకాశం పంతులు గారు తుపాకీకి రొమ్ము చూపించింది ఇక్కడే.

తెలుగునాట చదువుకున్న ప్రతి పిల్లవాడి తలలోనూ ఆ దృశ్యం ఉంది. చొక్కా గుండీలు విప్పిన ఛాతీ, ఎదురుగా తుపాకీ మొన. ఏ కెమెరా దాన్ని మనకు ఇవ్వలేదు. పంతులు గారి ఆత్మకథ నుంచి, పాఠ్యపుస్తకాల నుంచి, వేదికల మీద ఉపన్యాసాల నుంచి మనమే దాన్ని కూర్చుకున్నాం. కూర్చుకోవడంలో ఏం మిగుల్చుకున్నామో, ఏం కత్తిరించామో ఆ రోడ్డు అంచున నిలబడితే తెలిసింది. ఆ రోజు కాల్పుల్లో ఒక మనిషి చనిపోయాడు. పంతులు గారు అక్కడికి వెళ్లింది ఆ శవాన్ని చూడటానికి. అడ్డుకున్నారు కాబట్టి రొమ్ము చూపించారు. ఆయన్ని కాల్చే ముందు మమ్మల్ని కాల్చమంటూ పక్కనున్న జనంలోంచి ముందుకొచ్చిన ఒక ముస్లిం యువకుడి మాటా ఆ కథలో ఉంది. మనకు మిగిలింది మాత్రం ఛాతీ ఒక్కటే. చనిపోయిన మనిషి, అడ్డుపడిన కుర్రవాడు ఇద్దరూ కత్తిరింపులో పోయారు. ఎవరూ కావాలని చేసింది కాదది. ఒక సంఘటనను చిన్నది చేసి చెప్పాల్సి వచ్చినప్పుడు చెప్పేవాడి చెయ్యి ఎటు తిరిగితే చరిత్ర అటు తిరుగుతుంది. డాక్యుమెంటరీ ఎడిటర్ రోజూ చేసే పని ఇదే. అందుకే ఆ పనిలో ఉన్నవాళ్ల నిజాయితీ గురించి నాకు ఇంత పట్టింపు.

పార్క్ టౌన్‌లో లోకల్ రైలు పట్టుకుని తిరువాన్మియూరులో దిగి, ఆటోలో తరమణి వెళ్లాను. అక్కడ సెంట్రల్ పాలిటెక్నిక్ ఆవరణలో రోజా ముత్తయ్య పరిశోధన గ్రంథాలయం ఉంది. చెట్టినాడులోని కోట్టైయూరులో రోజా ముత్తయ్య చెట్టియార్ అనే ఆయన జీవితమంతా పుస్తకాలు, పత్రికలు, కరపత్రాలు, నాటకాల నోటీసులు, సినిమా పాటల పుస్తకాలు పోగుచేశాడు. ఆయన పోయాక ఆ సేకరణను షికాగో విశ్వవిద్యాలయం కొన్నది. అయితే దాన్ని అమెరికాకు తరలించకుండా చెన్నైలోనే 1994లో గ్రంథాలయంగా నిలబెట్టారు. నేను వెతుకుతున్న సినిమా తీసిన మనిషిదీ కోట్టైయూరే. పేరు ఎ.కె. చెట్టియార్. తమిళంలో యాత్రారచనకు పెద్ద పేరు ఆయనది. తన సినిమా ప్రయాణం గురించి తాను నడిపిన ‘కుమరి మలర్’ పత్రికలో ఆయనే రాసుకున్నాడు. ఆ వ్యాసాలను చరిత్రకారుడు ఎ.ఆర్. వెంకటాచలపతి పుస్తకంగా తెచ్చారు, ఇంగ్లీషులోనూ వచ్చాయి. పక్క బల్ల దగ్గర కూర్చున్న పరిశోధక విద్యార్థిని ఒకమ్మాయి, నేను తెలుగువాణ్ణని తెలిసి, తమిళంలో ఉన్న కొన్ని పేజీలు ఓపిగ్గా చదివి అర్థం చెప్పింది.

1937 అక్టోబరు 2. న్యూయార్క్ నుంచి డబ్లిన్ వెళ్తున్న ‘సమారియా’ ఓడ మీద పాతికేళ్ల చెట్టియార్ ఉన్నాడు. అప్పటికే రంగూన్‌లో ఒక పత్రికకు సంపాదకుడిగా పనిచేశాడు, టోక్యోలోనూ న్యూయార్క్‌లోనూ ఫొటోగ్రఫీ నేర్చాడు. ఆ రోజు గాంధీ పుట్టినరోజు. గాంధీ జీవితం మీద ఒక డాక్యుమెంటరీ తీయాలన్న ఆలోచన ఆ ఓడ మీద పుట్టింది. కొత్తగా తీయడం ఒక్కటే అయితే కెమెరా పట్టుకుని గాంధీ ఉండే వార్ధా వెళ్తే సరిపోయేది. చెట్టియార్‌కు కావలసింది గడిచిపోయిన గాంధీ. ప్రపంచంలో ఎవరెవరో తీసి, ఏయే కంపెనీల గోదాముల్లోనో పడేసిన గాంధీ.

ఆ ఫిల్ము కోసం ఆయన లక్ష మైళ్లు తిరిగాడు. దక్షిణాఫ్రికా, ఐరోపా, లండన్. రెండో ప్రపంచయుద్ధం ముంచుకొస్తున్న రోజులవి. ముప్ఫై ఏళ్లలో సుమారు వంద మంది కెమెరామన్లు తీసిన బిట్లు కలిపి యాభై వేల అడుగులయ్యాయి. మన దేశంలో కొత్తగా తీయాల్సిన భాగానికి డాక్టర్ పి.వి. పతి కెమెరా పట్టాడు. పారిస్‌లో చదివి వచ్చిన మనిషి, భారతీయ డాక్యుమెంటరీకి మొదటి తరం పెద్ద. ఆ యాభై వేల అడుగుల నుంచి చివరికి సినిమాకి ఎక్కింది పన్నెండు వేల అడుగులు.

ఈ లెక్క కొంచెం విప్పి చూడాలి. 35 మిల్లీమీటర్ల ఫిల్ములో అడుగుకి 16 ఫ్రేములు. మాటల సినిమా సెకనుకి 24 ఫ్రేముల చొప్పున తిరుగుతుంది, అంటే నిమిషానికి 90 అడుగులు. యాభై వేల అడుగులు వరుసగా చూడాలంటే తొమ్మిది గంటల పైచిలుకు పడుతుంది. పన్నెండు వేల అడుగులంటే రెండుంబావు గంటల సినిమా. నాలుగు అడుగుల్లో మూడడుగులు పక్కన పెట్టాలి. ఊళ్లు తిరిగి, డబ్బు పోసి, బతిమాలి తెచ్చుకున్న ఫిల్ములో మూడొంతులు వదులుకోవడం మాటలా? ఏది వదలాలో తేల్చేందుకు తనకంటూ ఒక చూపు లేకపోతే ఆ పని ముందుకు కదలదు.

ఇంకో చిక్కు ఉంది. ఇది పాత ఫిల్ముతో పనిచేసే ప్రతి ఎడిటర్‌కీ ఎదురయ్యేదే. మూకీల కాలంలో కెమెరా పిడిని చేత్తో తిప్పేవారు, సెకనుకి పదహారో పద్దెనిమిదో ఫ్రేములు పడేవి. ఆ ఫిల్మును మాటల సినిమా ప్రొజెక్టర్‌లో 24 చొప్పున వేస్తే మనుషులు ఒకటిన్నర రెట్ల వేగంతో పరుగులు తీస్తారు. గాంధీది అసలే వడివడి నడక. అది తెర మీద ఇంకా వేగమైతే హాల్లో నవ్వులు లేస్తాయి. లాఠీ దెబ్బ పడిన మనిషి కూలిపోవడం కూడా కామెడీ రీల్లా కనబడుతుంది. దానికి మందు ల్యాబ్‌లో ఉంది: ప్రతి రెండో ఫ్రేమునీ రెండుసార్లు ప్రింటు చేయడం. పదహారు ఇరవై నాలుగవుతాయి, నడక నడకలా కనబడుతుంది. చూసేవాడికి ఇదేమీ తెలియదు. కానీ మనిషి బాధ నవ్వులాటైపోకుండా కాపాడేది ఆ అదనపు ఫ్రేమే.

అన్నిటికంటే బరువైన విషయం మరొకటి. చెట్టియార్ పోగుచేసిన ఫిల్ములో ఎంతో భాగం ఆయన పక్షాన తీసినది కాదు. లండన్ న్యూస్‌రీలు కంపెనీకి సత్యాగ్రహమంటే సామ్రాజ్యంలో ఒక మూల జరుగుతున్న గొడవ. మన దేశంలో తీసిన దండి యాత్ర చిత్రాలను 1930లో ప్రభుత్వాలు నిషేధించాయి. ఒకరు గొడవ అని పేరుపెట్టి అమ్ముకున్న బిట్టును, ఇంకొకరు అటకెక్కించి దాచిన బిట్టును పక్కపక్కన పెట్టి, ఒక జాతి లేచి నడిచిన కథగా చెప్పాలి. ఫ్రేములో ఒక్క చుక్క మారదు, దాని ముందూ వెనకా ఏముందన్నదే మారుతుంది. రష్యాలో ఎస్ఫిర్ షూబ్ అనే మహిళ 1927లో ఇదే చేసింది. జారు చక్రవర్తి సొంత కెమెరామన్లు ముచ్చటపడి తీసిన కుటుంబ దృశ్యాలను తీసుకుని రొమనోవ్ వంశం పతనాన్ని చెప్పింది. ఆమె ఎడిటర్. కెమెరా ముట్టకుండానే పెద్ద సినిమా చేయవచ్చని ప్రపంచానికి చూపించింది. పదేళ్ల తర్వాత ఒక తమిళ యాత్రికుడు తన దారిలో తాను ఆ పనికే పూనుకున్నాడు. ఆయన తన సినిమాలో ఎక్కడా కనబడలేదు.

1940లో గాంధీ సినిమాను పబ్లిగ్గా ఆడించడం చిన్న సాహసం కాదు. యుద్ధం మొదలైంది, కాంగ్రెసు మంత్రివర్గాలు రాజీనామా చేసి పోయాయి, ప్రభుత్వం చేతిలో యుద్ధకాలపు చట్టాలున్నాయి. సినిమా ఆడింది, జనం చూశారు, తర్వాత పోలీసుల కంట పడకుండా ప్రతులు దాచుకోవాల్సి వచ్చింది. స్వాతంత్ర్యం వచ్చాక హిందీలో తయారుచేశారు. 1953లో అమెరికాలో ఇంగ్లీషు రూపం వచ్చింది. దానికి గొంతు క్వెంటిన్ రేనాల్డ్స్‌ది. 1940లో జర్మన్ బాంబుల కింద లండన్ ఎలా నిలబడిందో చెప్పిన ప్రసిద్ధ డాక్యుమెంటరీకి గొంతిచ్చిన యుద్ధ విలేకరే ఆయన. దశాబ్దాల తర్వాత వెంటాడి వెతికితే దొరికింది ఆ ఇంగ్లీషు ప్రతి, అదీ ఒక అమెరికా విశ్వవిద్యాలయంలో. అంటే ఇవాళ మనం చూడగలిగేది అమెరికావాళ్ల కోసం కుదించి కూర్చిన గాంధీని. 1940లో మద్రాసు ప్రెసిడెన్సీ తెలుగువాళ్ల చెవికి తగ్గట్టు ఏ మాటలు రాశారో, ఏ షాటు ఎంతసేపు నిలిపారో ఆ సినిమాతోనే పోయింది.

మర్నాడు సాలిగ్రామం. వడపళని మెట్రోలో దిగి అరుణాచలం రోడ్డు మీదుగా నడిచాను. ప్రసాద్ స్టూడియో ఈ రోడ్డులోనే. ఏలూరు దగ్గరి సోమవరప్పాడు నుంచి వచ్చిన ఎల్.వి. ప్రసాద్ పేరు ఈ పేటకు సగం ప్రాణం. ఆయన తమ్ముడు అక్కినేని సంజీవి ఎడిటర్. సంజీవి కొడుకు ఎ. శ్రీకర్ ప్రసాద్. ఆయన జాతీయ అవార్డుల పట్టికను ఒకసారి వరసగా చదివితే ఆశ్చర్యం వేస్తుంది. ‘ది టెర్రరిస్ట్’, ‘కన్నత్తిల్ ముత్తమిట్టాల్’, ‘ఫిరాక్’ మూడింటికీ ఉత్తమ ఎడిటర్ ఆయనే. ఒకటి ఆత్మాహుతికి సిద్ధపడిన అమ్మాయి కథ, ఒకటి శ్రీలంక యుద్ధం నీడలో బిడ్డ కథ, ఒకటి 2002 గుజరాత్ హింస తర్వాతి నెల కథ. ముగ్గురు దర్శకులు మూడు హింసల గురించి చెప్పాలనుకున్నప్పుడు కోడంబాక్కంలో పెరిగిన ఒక తెలుగువాడి కత్తెరకే అప్పగించారు. అయితే అవి కల్పిత కథలు. షాటు కుదరకపోతే మళ్లీ తీసుకోవచ్చు. పడిపోయినవాడు ‘కట్’ అనగానే లేచి నిలబడతాడు. డాక్యుమెంటరీలో ఆ వీలు లేదు. నేను చూడాలనుకున్నది అలాంటి డాక్యుమెంటరీని కూర్చే గది.

ఒక మిత్రుడు చెప్పి పంపగా అక్కడికి దగ్గర్లో ఒక సందులో, రెండో అంతస్తులో ఉన్న ఎడిటింగ్ రూముకి వెళ్లాను. అక్కడి ఎడిటర్ గూడూరు కుర్రవాడు, చెన్నైలో చదివి ఇక్కడే స్థిరపడ్డాడు. పేరు రాయొద్దన్నాడు. కిటికీకి నల్లగుడ్డ, రెండు మానిటర్లు, బల్ల మీద వరసగా హార్డ్ డిస్కులు, ఒక్కోదాని మీద తెల్ల టేపు, టేపు మీద మార్కరుతో తేదీ. గోడ పక్కన కిరాణా కొట్లో వాడేలాంటి పొడుగాటి గీతల పుస్తకం. తూత్తుక్కుడిలో 2018 మే 22న రాగి కర్మాగారానికి వ్యతిరేకంగా బయల్దేరిన జనం మీద పోలీసులు కాల్పులు జరిపారు. ఆ రోజూ మర్నాడూ జరిగిన కాల్పుల్లో 13 మంది చనిపోయారు. ఆ ఉద్యమం మీద ఒక మిత్రబృందం కోసం అతను పని చేస్తున్నాడు.

“రండి సార్, ఇది చూడండి. రక్తం ఉన్నది చూపించను లెండి,” అని కుర్చీ జరిపాడు.

తెర మీద మూడు కిటికీల్లో మూడు ఫోన్ వీడియోలు. ఒకటి ఎవరో డాబా మీద నుంచి తీసింది. ఒకటి పరుగెత్తుతూ తీసింది, అందులో ఎక్కువసేపు రోడ్డూ చెప్పులూ కనబడతాయి. మూడోది సగం దించిన షట్టరు కింద నుంచి. మూడూ ఒకే వీధి, ఒకే నిమిషం అని అతని అనుమానం. కానీ మూడు ఫోన్ల గడియారాలు మూడు రకాలుగా ఉన్నాయి. పైగా ఒకటి వాట్సాప్‌లో చేతులు మారి వచ్చింది. అలా వచ్చినదాంట్లో తీసిన సమయం చెరిగిపోతుంది, మనకు అందిన సమయమే మిగులుతుంది.

“మరి ఒకటే నిమిషమని ఎలా తెలిసింది?”

అతను చిత్రాలు ఆపేసి శబ్దం గీతలు పెద్దవి చేశాడు. మూడింట్లోనూ ఒకచోట నిట్టనిలువుగా లేచిన గీత. “ఒకటే పేలుడు సార్. కానీ డాబా మీది ఫోనులో మిగతావాటికంటే ఏడు ఫ్రేములు ఆలస్యంగా ఉంది చూడండి. చప్పుడు సెకనుకి సుమారు 340 మీటర్లు పోతుంది కదా. ఏడు ఫ్రేములంటే ఆ డాబా ఇంకో వంద మీటర్లు దూరం. మ్యాపులో చూస్తే సరిగ్గా అంతే.” శబ్దాన్ని బట్టి ఊహించి, గాలికి ఊగిన ఒక బ్యానరు మూడు వీడియోల్లో ఎప్పుడు మడత పడిందో చూసి ఖాయం చేసుకున్నాడు.

“ఆ ఏడు ఫ్రేములు కొంచెం లాగి కలిపేస్తే సినిమాలో ఇంకా గట్టిగా ఉంటుంది కదా?” అన్నాను.

“ఉంటుంది సార్. చూసేవాళ్లు ఒక్కరు కూడా పట్టుకోలేరు. రేపు కోర్టులో లాయరు పట్టుకుంటాడు. ఒక్కచోట లాగినవాడు ఇంకెన్నిచోట్ల లాగాడో అంటాడు. అప్పుడు చచ్చిపోయినవాళ్లది కూడా అబద్ధమైపోతుంది.” ఆ ఏడు ఫ్రేములు అలాగే ఉంచాడు.

పొడుగాటి పుస్తకం తెరిచి చూపించాడు. ఒక్కో బిట్టుకి ఒక్కో వరస. ఎవరిచ్చారు, ఎప్పుడిచ్చారు, ఆ ఫోను వాళ్లదేనా, వాడుకోవచ్చన్నారా, ఎవరి ముఖం మూయాలి. ముఖాల దగ్గర ఎర్ర ఇంకు. పోలీసు వ్యాను ముందు నిలబడి వాదించిన ఒకామె ముఖం చూపించమంది, వాళ్లాయన వద్దన్నాడు. చివరికి ఆమె మాటే ఖాయం చేసి పక్కన తేదీ వేశాడు. కంప్యూటరులో ఇవన్నీ ఉంటాయి కదా అంటే, “డిస్కు పోతుంది సార్, పుస్తకం పోదు” అన్నాడు. ఆ పుస్తకం చూశాక నాకు అర్థమైంది, ఎడిటింగ్ అంటే కట్ చేయడం అనుకుంటాం కానీ ఈ రకం సినిమాలో అసలు పని ఆ వరసలు రాయడమే. పుస్తకంలో వరస లేని బిట్టు ఎంత గొప్పదైనా సినిమాలోకి రాదు.

శబ్దం విషయంలో ఇంకా పట్టుదల. పరుగెత్తిన కుర్రాడి వీడియోలో ఒకచోట మైకుకి వేలు అడ్డుపడి చప్పుడు పోయింది. అక్కడ కాల్పుల మోత చేర్చమని, కాస్త సంగీతం వేయమని ఒకరు సలహా ఇచ్చారట. ఒప్పుకోలేదు. “ఆ చోట వాడికి ఏమీ వినబడలేదు, మనకీ వినబడకూడదు” అన్నాడు. న్యూస్ ఛానళ్లలో ఇవాళ ప్రతి తోపులాటకీ వెనక డప్పులు మోగిస్తున్నారు. వాళ్లు ఈ కుర్రవాడి దగ్గర ఒక్క వారం కూర్చుంటే బాగుండును.

మొదటిసారి చూసేటప్పుడు శబ్దం తీసేసి, కిటికీ చిన్నది చేసి చూస్తాడు. ఏడుపులు ఉన్నచోట అవసరమైనంతే వింటాడు. అలాంటి బిట్లు సాయంత్రం ఆరు తర్వాత ముట్టడు. వీధిలో ఉన్నవాడు ఆ గోల ఒక్కసారి వింటాడు. ఎడిటరు వందసార్లు వింటాడు, ఒక్కో ఫ్రేమూ ఆపి ఆపి చూస్తాడు. దెబ్బ తగలదు కాబట్టి అతనికేమీ కాదనుకుంటారు. కెమెరామన్‌కి ధైర్యసాహసాల బిరుదులుంటాయి, ఎడిటరు నిద్ర పట్టని రాత్రుల సంగతి ఎవరూ అడగరు. టీ తాగడానికి కిందికి దిగినప్పుడు అతను చెప్పింది ఒక్క మాటే: “మా అమ్మకి పెళ్లి వీడియోలు చేస్తానని చెప్పాను సార్.”

ఇలాంటి సినిమాల కూర్పు తరచు సంఘటన జరిగిన చోటికి దూరంగా జరుగుతుంది. చిలీలో 1973లో సైన్యం ప్రభుత్వాన్ని కూల్చాక పత్రిసియో గుజ్మాన్ బృందం తీసిన ఫిల్ము స్వీడన్ రాయబార కార్యాలయం సాయంతో దేశం దాటింది. దాన్ని క్యూబాలో పెద్రో చాస్కెల్ అనే ఎడిటర్ ఏళ్ల తరబడి కూర్చి ‘చిలీ సమరం’ అనే మూడు భాగాల సినిమా చేశాడు. ఫిల్ము తీసిన కెమెరామన్ హోర్హే ముల్లర్‌ను 1974లో సైనిక ప్రభుత్వం ఎత్తుకుపోయింది, తిరిగి రాలేదు. శ్రీలంక యుద్ధం 2009 మేలో ముగిశాక సైనికులు తమ ఫోన్లలో తీసుకున్న దృశ్యాలే బయటికి వచ్చి సాక్ష్యాలయ్యాయి. అందులో ఒక వీడియోను ఐక్యరాజ్యసమితి ప్రతినిధి నిపుణులతో పరీక్ష చేయించి, నిజమైనదిగానే కనబడుతోందని 2010 జనవరిలో ప్రకటించారు. ఆ దృశ్యాలతో బ్రిటన్‌లో తయారైన ‘నో ఫైర్ జోన్’ అనే డాక్యుమెంటరీకి మన సెన్సారు బోర్డు సర్టిఫికెట్ నిరాకరించింది. చెన్నైకి ఆ యుద్ధం కూతవేటు దూరం. యాళ్పాణం (జాఫ్నా) గ్రంథాలయాన్ని 1981లో తగలబెట్టిన కథను సోమీతరన్, తెల్లవ్యానుల్లో మాయమైన మనుషుల కథను లీనా మణిమేకలై తమిళంలో డాక్యుమెంటరీలుగా తీశారు. తమిళులు తమ గాయాన్ని తమ భాషలో రికార్డు చేసుకున్నారు.

మన సంగతి? 1984 ఆగస్టు, సెప్టెంబరు నెలల్లో ఎన్టీఆర్ ప్రభుత్వాన్ని పడగొట్టి మళ్లీ నిలబెట్టిన గందరగోళం మధ్య హైదరాబాద్ పాతబస్తీలో జరిగిన మతకలహాల మీద దీపా ధన్‌రాజ్ ‘క్యా హువా ఇస్ షహర్ కో’ తీశారు. 1986లో వచ్చింది. కలహం దానంతట అది పుట్టదని, దాన్ని పుట్టించేవాళ్లు ఉంటారని చూపించిన సినిమా. ఇవాళ మనం దాన్ని చక్కటి ప్రతిలో చూడగలుగుతున్నామంటే కారణం బెర్లిన్‌లోని ఆర్సెనల్ అనే సంస్థ. 2013లో వాళ్లు శ్రద్ధగా బాగుచేసి బయటికి తెచ్చారు. హైదరాబాద్ గాయం బెర్లిన్‌లో భద్రంగా ఉంది. గాంధీ సినిమా ఇంగ్లీషు ప్రతి అమెరికాలో దొరికింది. కోట్టైయూరు చెట్టియార్ పాత కాగితాల విలువ షికాగోవాళ్లకు తెలిసింది. మనవి దాచుకోవడం మనకు ఎప్పుడు తెలుస్తుందో!

తిరుగు ప్రయాణానికి ముందు మౌంట్ రోడ్డు పక్కన మీరాన్ సాహెబ్ వీధికి వెళ్లాను. ఒకప్పుడు దక్షిణాది సినిమా పంపిణీ ఆఫీసులన్నీ ఇక్కడే. ఇక్కడి నుంచే రీళ్ల పెట్టెలు రైళ్లెక్కి నెల్లూరు, బెజవాడ, రాజమండ్రి, కర్నూలు పోయేవి. ఇప్పుడు మెట్ల కింద పాత బోర్డులు కొన్ని మిగిలాయి. ఒక కొట్లో పెద్దాయన తెలుగులోనే మాట్లాడాడు. పాత ప్రింట్ల గురించి అడిగితే, ఆడటం అయిపోయిన ప్రింట్లను వెండి తీసేవాళ్లకు తూకానికి అమ్మేసేవాళ్లమని చెప్పాడు. దాచుకోవడానికి భయం కూడా ఉండేదట, నిజమే. గాంధీ సినిమా రోజుల ఫిల్ము నైట్రేట్ ఫిల్ము. అంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు.

అయినా అన్నీ కాలిపోయి ఉండవు, అన్నీ కరిగిపోయి ఉండవు. తెలుగు జిల్లాల్లో టూరింగ్ టాకీసులు నడిపిన కుటుంబాలున్నాయి. బెజవాడ గాంధీనగర్‌లో పాత పంపిణీ ఆఫీసుల గోదాములున్నాయి. కాంగ్రెసు కార్యకర్తల ఇళ్లలో, ఖాదీ భాండారాల్లో, పాత గ్రంథాలయాల్లో తెరవని రేకు పెట్టెలున్నాయి. మీ ఇంటి అటక మీద తాతగారి నాటి గుండ్రటి రేకు డబ్బా ఏదైనా ఉంటే దయచేసి పాతసామాన్లవాడికి వేయకండి. ఎండలో పెట్టకండి, ఇంట్లో తెరిచి చూడకండి, దగ్గర్లో దీపం, సిగరెట్టు ఉండనివ్వకండి. డబ్బా మీద రాసి ఉన్నది చెరిపేయకుండా ఫొటో తీసి, పుణెలో 1964 నుంచి పనిచేస్తున్న జాతీయ ఫిల్ము భాండాగారానికి రాయండి. మీ ఫోనులో ఉన్నదాని విషయంలోనూ ఇదే మాట. మీ ఊళ్లో భూముల గొడవో, సమ్మెనో, లాఠీఛార్జీనో మీరు తీసి ఉంటే, దాన్ని ఎవరికైనా పంపేముందు అసలు ఫైలును వేరేచోట కాపీ చేసి ఉంచండి. తేదీ, చోటు, తీసినవాళ్ల పేరు ఒక కాగితం మీద రాసి పెట్టండి. రేపు ఎవరో ఒక ఎడిటరుకి ఆ ఒక్క వరస కావలసి వస్తుంది.